మోకాలి ఇంప్లాంట్: ధర లోహం పేరు మీద, మన్నిక ప్లాస్టిక్ మీద

2017 ఆగస్టు 16న జాతీయ ఔషధ ధరల నియంత్రణ సంస్థ మోకాలి ఇంప్లాంట్ల, అంటే అరిగిన కీలు స్థానంలో అమర్చే కృత్రిమ భాగాల ధరలకు కళ్లెం వేసింది. అప్పటిదాకా సగటున 1,58,324 రూపాయల ఎమ్మార్పీ ఉన్న కోబాల్ట్ క్రోమియం సెట్టు గరిష్ఠ ధర 54,720కి దిగింది. టైటానియం మిశ్రమం, ఆక్సిడైజ్డ్ జిర్కోనియం సెట్లు 2,49,251 నుంచి 76,600కి వచ్చాయి. ఎక్కువగా వంగుతుందని చెప్పే హై ఫ్లెక్స్ సెట్టుకు 56,490, రెండోసారి ఆపరేషన్‌లో వాడే రివిజన్ సెట్టుకు 1,13,950. వీటికి జీఎస్‌టీ అదనం. ఆ తర్వాత ఈ నియంత్రణను పలుమార్లు పొడిగిస్తూ వచ్చారు.

అదే ఉత్తర్వులో సెట్టును ముక్కలుగా విడదీసి కూడా ధర కట్టారు. కోబాల్ట్ క్రోమియం సెట్టులో తొడ ఎముక కొసకు తొడిగే ఫీమోరల్ భాగానికి 24,090. కింది కాలి ఎముకను చదునుగా కోసి దాని మీద పరిచే టిబియల్ ట్రేకి 16,990. ఆ రెంటి మధ్య ఇమిడే పాలిథిలిన్ ఇన్సర్ట్‌కి 9,550. మోకాలి చిప్ప వెనక అతికించే ప్లాస్టిక్ బిళ్లకు 4,090. నాలుగూ కూడితే సరిగ్గా 54,720. చిప్పను మార్చకుండా వదిలేసే సర్జన్లు మన దేశంలో చాలామంది. అలాంటప్పుడు బిల్లులో నాలుగో ముక్క ఉండకూడదు.

రోగి కుటుంబం ఈ పట్టిక నుంచి గ్రహించేది ఒక్కటే: టైటానియం ఖరీదెక్కువ, కాబట్టి మంచిది. ఆస్పత్రి కౌంటర్ దగ్గర జరిగే బేరమంతా లోహం చుట్టూనే తిరుగుతుంది. కానీ ఈ సెట్టులో అరిగేది 9,550 రూపాయల ముక్క. వదులయ్యేది సిమెంటు అతుకు. లోహానికి కూడా పని ఉంది, అయితే అది కొనేవాళ్లు అనుకునే పని కాదు.

లోహాలు ఎందుకు, ఎక్కడ

ఫీమోరల్ భాగానికి ఎక్కువగా వాడేది కోబాల్ట్, 27 నుంచి 30 శాతం క్రోమియం, 5 నుంచి 7 శాతం మాలిబ్డినం కలిసిన మిశ్రమం. క్రోమియం గాలి తగలగానే పలచని ఆక్సైడ్ పొర కట్టి, ఒంట్లోని ఉప్పునీటి నుంచి లోహాన్ని కాపాడుతుంది. ఈ మిశ్రమం గట్టిది, అద్దంలా మెరుగు పట్టించుకుంటుంది, ఆ మెరుగును ఏళ్ల తరబడి నిలుపుకుంటుంది. ప్లాస్టిక్ మీద కోట్లసార్లు జారే ఉపరితలానికి కావలసింది అదే.

తయారీ మైనపు నమూనాతో మొదలవుతుంది. నమూనాను సిరామిక్ గుజ్జులో పలుసార్లు ముంచి పెంకు కట్టిస్తారు. మైనం కరిగించి తీసేసి, 1,400 డిగ్రీల పైన కరిగిన లోహాన్ని ఆ పెంకులో పోస్తారు. పోతలో గాలి బుడగలు మిగిలితే ముక్క లోపలి నుంచి అలసి చీలుతుంది. అందుకే చాలా కంపెనీలు సుమారు 1,200 డిగ్రీల వేడిలో, వెయ్యి వాతావరణాల పీడనంలో ముక్కను నొక్కి ఆ బుడగలను మూయిస్తాయి. తర్వాత యంత్రం మీద గ్రైండింగ్, పాలిషింగ్, ఆమ్లంతో శుద్ధి. రుద్దుకునే లోహపు ముఖం గరుకుదనం 0.1 మైక్రాన్ (మైక్రాన్ అంటే మిల్లీమీటరులో వెయ్యో వంతు) దాటకూడదని అంతర్జాతీయ ప్రమాణాల సంస్థ ఐఎస్‌ఓ నియమం. మంచి తయారీదారులు దానికన్నా నునుపుగానే తెస్తారు. ఈ చివరి పాలిష్ చాలాచోట్ల ఇప్పటికీ చేతిపని. కొత్త ఫ్యాక్టరీ తడబడేది కూడా ఎక్కువగా ఇక్కడే: వంపు తిరిగే చోట పాలిష్ ఎక్కువైతే ఆకారం మారుతుంది, తక్కువైతే గీతలు మిగులుతాయి.

టైటానియం సంగతి వేరు. ఆరు శాతం అల్యూమినియం, నాలుగు శాతం వెనేడియం కలిపిన టైటానియం తేలిక. ఎముక దాని మీద ఇష్టంగా పెరుగుతుంది. బిగుసుతనం సుమారు 110 గిగాపాస్కల్‌లు, అంటే కోబాల్ట్ క్రోమియంలో సగం. గట్టి ఎముకకు అది 15 నుంచి 20 మధ్య ఉంటుంది. కింద పరిచిన ట్రే మరీ బిగుసుగా ఉంటే బరువంతా అదే మోసి, పక్కనున్న ఎముకకు పని లేకుండా చేస్తుంది. పనిలేని ఎముక పలచబడుతుంది. కాబట్టి ట్రేకి టైటానియం సరైన లోహమే. రుద్దుకునే ముఖానికి మాత్రం కాదు. టైటానియం గీతలు పడే లోహం. గీతలు పడ్డాక ఇటు ప్లాస్టిక్‌ను ఆకురాయిలా కొరుకుతుంది, అటు తానూ రాలి చుట్టూ ఉన్న కండను నల్లగా చేస్తుంది. అందువల్ల పేరున్న చాలా డిజైన్లలో ట్రే టైటానియం, ఫీమోరల్ భాగం కోబాల్ట్ క్రోమియం. “పూర్తి టైటానియం మోకాలు” అని ఎవరైనా చెబితే అడగవలసిన ప్రశ్న ఒకటే: ప్లాస్టిక్ మీద జారే ముఖం మీద ఏముంది?

సాధారణంగా ఉండేది బంగారు రంగు పూత. కొందరు “గోల్డెన్ నీ” అని ఆశగా చెప్పుకునేది ఇదే. అది బంగారం కాదు, కొన్ని మైక్రాన్ల మందం ఉండే టైటానియం నైట్రైడ్. చాలాసార్లు దాని అడుగున ఉండేది కూడా కోబాల్ట్ క్రోమియమే. ఆ మిశ్రమంలో స్వల్పంగా ఉండే నికెల్ ఒంటికి పడని వారికి ఈ పూత ఒక ఆలోచించదగిన మార్గం. చవకరకం నగలు, గడియారపు పట్టీలు తగిలిన చోట దద్దుర్లు వచ్చేవారు ఆ సంగతి సర్జన్‌కు ముందే చెప్పాలి. మిగతా వారికి దీనివల్ల ఆయుష్షు పెరుగుతుందనడానికి గట్టి ఆధారం లేదు. సిమెంటు పలుకో ఎముక పొడో మధ్యలో ఇరుక్కుంటే పూత లేచిపోయే ప్రమాదం కూడా ఉంది.

ఆక్సిడైజ్డ్ జిర్కోనియం పూత కాదు. రెండున్నర శాతం నియోబియం ఉన్న జిర్కోనియం ముక్కను గాలిలో సుమారు 500 డిగ్రీల వేడిలో ఉంచితే, ఆక్సిజన్ లోపలికి ఇంకి దాదాపు 5 మైక్రాన్ల మేర నల్లని సిరామిక్ పొరగా మారుతుంది. స్మిత్ అండ్ నెఫ్యూ దీన్ని ఆక్సినియం పేరుతో అమ్ముతోంది. ఈ మిశ్రమం తెలుగు నేలకు కొత్త కాదు. హైదరాబాద్‌లోని న్యూక్లియర్ ఫ్యూయల్ కాంప్లెక్స్ మన భారజల అణు రియాక్టర్ల ప్రెషర్ ట్యూబులను చేసేది ఇదే జిర్కోనియం, రెండున్నర శాతం నియోబియం కూర్పుతో. ఆక్సినియంలో నికెల్ దాదాపు లేదు, గీతలు తక్కువ పడతాయి. ప్రయోగశాలలో ప్లాస్టిక్ అరుగుదల తగ్గిస్తుంది. అయినా వేసిన ఇంప్లాంట్లు ఎన్నాళ్లు నిలిచాయో నమోదు చేసే వివిధ దేశాల జాతీయ రిజిస్ట్రీల లెక్కల్లో కోబాల్ట్ క్రోమియం కన్నా ఎక్కువ కాలం నిలుస్తుందన్న స్పష్టమైన తేడా కనిపించలేదు. ఎందుకంటే మోకాలు చెడిపోవడానికి ప్రధాన కారణాలు ఇన్ఫెక్షన్, సిమెంటు వదులవడం, కీలు నిలకడ తప్పడం. ఈ మూడింటినీ పై లోహం మార్చి ఆపలేము.

మధ్యలో ఉన్న తెల్లని ముక్క

“మోకాళ్లలో గుజ్జు అరిగిపోయింది” అని మన ఇళ్లలో అంటారు. ఆ గుజ్జు స్థానంలోకి వచ్చేదే ఈ పాలిథిలిన్ ఇన్సర్ట్. కూరగాయల సంచికి వాడేదీ పాలిథిలినే అయినా దీని అణుభారం 20 నుంచి 60 లక్షల మధ్య ఉంటుంది. అంత పొడుగు అణు గొలుసులు ఒకదానిలో ఒకటి చిక్కుకుని ఉండటం వల్లే దీనికి అరుగుదలను తట్టుకునే శక్తి. వైద్య శ్రేణి పొడిలో ప్రపంచమంతా ఎక్కువగా వాడేవి సెలనీస్ కంపెనీ జీయూఆర్ 1020, జీయూఆర్ 1050. ఇంప్లాంట్ బ్రాండ్లు ఎన్ని ఉన్నా మూలపు పొడి దాదాపు ఒకే చోటు నుంచి వస్తుంది. తేడా తెచ్చేది ఆ పొడిని ఎలా ముద్ద చేశారు, ఎలా శుద్ధి చేశారు, ఏ సంచిలో పెట్టారు అన్నవే.

ఈ ప్లాస్టిక్ కరిగినా నీళ్లలా పారదు. కాబట్టి మామూలు ప్లాస్టిక్‌లా అచ్చులోకి చిమ్మలేరు. వేడి, ఒత్తిడితో పలకలుగానో కడ్డీలుగానో నొక్కి తర్వాత కోస్తారు, లేదా నేరుగా తుది ఆకారపు అచ్చులోనే నొక్కుతారు. నొక్కడం సరిగా లేకపోతే పొడి రేణువుల హద్దులు లోపల మిగిలిపోతాయి. పగుళ్లు అక్కడ మొదలవుతాయి.

అసలు కథ గామా కిరణాలతో వచ్చింది. క్రిములను చంపడానికి 25 నుంచి 40 కిలోగ్రేల (కిలోగ్రే కిరణాల మోతాదుకు కొలత) గామా ఇవ్వడం పాత పద్ధతి. కిరణాలు గొలుసులను తెంపి, ఫ్రీ రాడికల్స్ అనే తెగిన కొసలను వదిలేస్తాయి. ప్యాకింగ్ సంచిలో గాలి ఉంటే ఆక్సిజన్ ఆ కొసలను పట్టుకుని, పెట్టె అలమరలో ఉండగానే ప్లాస్టిక్‌ను పెళుసుగా మారుస్తుంది. ఈ నష్టం పైముఖం మీద కాక దాని కింద ఒకటి రెండు మిల్లీమీటర్ల లోతులో ఎక్కువ. కోసి చూస్తే అక్కడ తెల్లని పట్టీ కనిపిస్తుంది. అడుగు పడినప్పుడు మోకాలి ప్లాస్టిక్‌లో కోత ఒత్తిడి అధికంగా ఉండేదీ సరిగ్గా అదే లోతులో. అందుకే 1980లు, 90ల నాటి ఇన్సర్ట్‌లు అరగడం కన్నా పొరలు పొరలుగా లేచిపోవడం ఎక్కువగా జరిగింది. రాలిన సన్నని రేణువులను ఒంటిలోని కణాలు మింగి, చుట్టూ ఉన్న ఎముకను తినేసే ప్రక్రియను మొదలుపెడతాయి. ఇంప్లాంట్ వదులయ్యే దారుల్లో ఇదొకటి.

ఆ పాఠం తర్వాత పరిశ్రమ ఆక్సిజన్ లేని సంచులకు, నైట్రోజన్ లేదా ఆర్గాన్ నింపిన ప్యాకింగ్‌కు, కొందరు ఇథిలీన్ ఆక్సైడ్ వాయువు శుద్ధికి మారారు. అయినా పొరపాటు మళ్లీ జరిగింది. అమెరికా కంపెనీ ఎగ్జాక్‌టెక్ 2021 ఆగస్టులో ఇన్సర్ట్‌లను వెనక్కి పిలవడం మొదలుపెట్టి, 2022 ఫిబ్రవరిలో దాన్ని విస్తరించింది. 2004 నుంచి పంపిన ఇన్సర్ట్‌ల్లో దాదాపు 80 శాతం, ఇథిలీన్ వినైల్ ఆల్కహాల్ అనే ఆక్సిజన్ అడ్డుపొర లేని సంచుల్లో ప్యాక్ అయ్యాయని తేలింది. అమెరికాలోనే మోకాలు, చీలమండ కలిపి 1,47,732 ఇన్సర్ట్‌లు రోగుల ఒంట్లో ఉన్నాయని లెక్క. ఆ కంపెనీ 2024 అక్టోబరులో దివాలా రక్షణ కోరింది. ఇంత నష్టం సంచిలో ఒక్క పొర తగ్గినందుకు.

ఇప్పుడు ఖరీదైన వరుసలో వచ్చేది హైలీ క్రాస్‌లింక్డ్ పాలిథిలిన్. 50 నుంచి 100 కిలోగ్రేల కిరణాలిచ్చి గొలుసులను ఒకదానితో ఒకటి ముడివేస్తారు. మిగిలిన తెగిన కొసలను కరిగించిగానీ, కరిగే వేడికి కాస్త కింద కాచిగానీ, విటమిన్ ఇ కలిపిగానీ సర్దుబాటు చేస్తారు. తుంటి కీలులో ఇది అరుగుదలను గణనీయంగా తగ్గించింది. మోకాలిలో లాభం అంత సూటిగా లేదు. ముడులు పెరిగేకొద్దీ అరుగుదల తగ్గుతుంది, పగులును ఆపే శక్తీ తగ్గుతుంది. వెనక లిగమెంటు తీసేసే పీఎస్ డిజైన్‌లో ఇన్సర్ట్ మధ్య ఒక చిన్న మొలక నిలబడి ఉంటుంది. మెట్లు దిగేటప్పుడు, లేచేటప్పుడు దెబ్బ ఆ మొలకకు తగులుతుంది. మొలక విరిగిందంటే మళ్లీ ఆపరేషనే. యాభై దాటిన, బాగా తిరిగే మనిషికి క్రాస్‌లింక్డ్ రకం అర్థవంతమే. డెబ్బై అయిదేళ్ల వ్యక్తికి మామూలు పాలిథిలిన్ చాలు అనే సర్జన్లు తప్పు చెప్పడం లేదు. ఆ వయసులో లోహపు ట్రే కూడా లేకుండా కింది భాగమంతా పాలిథిలిన్‌తోనే చేసిన రకం చవకగా, బాగానే పనిచేస్తుంది. కొనేవాళ్లు లోహం అడుగుతారు కాబట్టి అది మన మార్కెట్లో పెద్దగా కనబడదు. ఇది విచారించవలసిన విషయం.

మందం మాట కూడా చెప్పాలి. లోహపు ట్రే మీద ప్లాస్టిక్ 8 మిల్లీమీటర్ల కన్నా పలచబడితే ఒత్తిడి వేగంగా పెరుగుతుందని 1980ల్లోనే లెక్కగట్టారు. పెట్టె మీద 9 లేదా 10 అని రాసి ఉన్న మందంలో కొన్ని డిజైన్లలో ట్రే మందం కూడా కలిసి ఉంటుంది. రెండు కంపెనీల “10”ని పోల్చేముందు కేటలాగులో అసలు ప్లాస్టిక్ ఎంతో చూడాలి.

సిమెంటు

ఎక్కువ మోకాళ్లను ఎముకకు పట్టి ఉంచేది యాక్రిలిక్ బోన్ సిమెంటు: 40 గ్రాముల పొడి, 20 మిల్లీలీటర్ల ద్రవం. కలిపాక నాలుగు దశలు: కలపడం, చేతికి అంటుకోకుండా అయ్యేదాకా ఆగడం, పెట్టే సమయం, గట్టిపడటం. వేడి పెరిగితే ఈ గడియారం వేగంగా తిరుగుతుంది. ఏసీ సరిగా లేని థియేటర్‌లో, లేదా మే నెలలో వేడెక్కిన గోదాములో పెట్టిన సిమెంటుతో పెట్టే సమయం నిమిషాలు తరిగిపోతుంది. ఆలస్యంగా, ఎండబారిన సిమెంటు మీద ట్రేని అదిమితే లోహానికీ సిమెంటుకూ మధ్య పట్టు చిక్కదు. ఎముకలోని కొవ్వు, రక్తం ఆ మధ్యకు చేరితే ఇంకా బలహీనం. నివారణ ఖరీదైనది కాదు: జిగట ఉన్నప్పుడే ట్రే అడుగున, దాని కాడ మీద సిమెంటు పూయాలి. ఎముకను ఒత్తిడి నీటితో కడిగి ఆరబెట్టాలి. గట్టిపడేదాకా కాలు కదపకూడదు.

సిమెంటు లేని రకాల్లో టైటానియంను త్రీడీ ప్రింట్ చేసి స్పాంజిలా రంధ్రాలు పెడతారు. 75 నుంచి 80 శాతం ఖాళీ ఉండే టాంటలం అనే లోహం కూడా వాడతారు. ఎముక లోపలికి పెరిగి పట్టుకుంటుంది. ఇవి గట్టి ఎముక ఉన్న, వయసు తక్కువ రోగులకు. ఎముక డొల్లబారిన వారికి సిమెంటే నమ్మకం.

గిరాకీ, గోదాము, డబ్బు

ధరలు తగ్గించిన నాడు ప్రభుత్వం చెప్పిన అంచనా ప్రకారం దేశంలో ఏటా లక్ష నుంచి లక్షన్నర మోకాలి మార్పిడులు. రోగులకు మిగిలేది ఏటా దాదాపు 1,500 కోట్ల రూపాయలు. దిగుమతిదారు నుంచి ఆస్పత్రి దాకా కలిపిన సగటు లాభాల పొర 313 శాతం దాకా ఉందని కూడా అప్పుడే లెక్క చెప్పారు. ఆ పొరలో అన్యాయం చాలా ఉంది. అయితే అందులో నిజమైన ఖర్చు ఒకటి దాగి ఉంది, దాన్ని పట్టించుకోకపోతే మార్కెట్ అర్థం కాదు. అది సైజుల ఖర్చు.

ఒక డిజైన్‌లో ఫీమోరల్ భాగం 8 సైజులు అనుకుందాం. ఎడమ, కుడి కలిపి 16. ట్రేలు 8. ఇన్సర్ట్‌లు 8 సైజులకు ఆరేసి మందాలు, 48. చిప్ప బిళ్లలు 5. మొత్తం 77 పెట్టెలు. వీటితో పాటు కొలిచే, కోసే పరికరాల ట్రేలు అరడజను. ఒక్క ఆపరేషన్ కోసం పంపిణీదారుడు ఇదంతా థియేటర్ దాకా మోయిస్తాడు. వాడేది మూడో నాలుగో. మిగతావి తిరిగి గోదాముకు. ప్రతి పెట్టెకూ గడువు తేదీ ఉంటుంది. అరుదుగా పోయే సైజులు గడువు తీరి వృథా అవుతాయి. ఖర్చు తగ్గించుకోవాలనుకున్న చిన్న పంపిణీదారుడు మొదట కోసేది ఆ అరుదైన సైజులనే. దాని దెబ్బ రోగికి తగులుతుంది.

మన దగ్గర మోకాళ్లు మార్చుకునేవారిలో మహిళలు ఎక్కువ, వారి ఎముకలు చిన్నవి. పాశ్చాత్య కొలతలతో గీసిన ఫీమోరల్ భాగం ముందు వెనకలకు సరిపోతే పక్కలకు ఎముక దాటి బయటికి వస్తుంది. మూడు మిల్లీమీటర్లు దాటి పొడుచుకొస్తే కండను ఒరుసుకుని నొప్పి మిగులుతుంది. అందుకు చిన్నది వేస్తే వంగినప్పుడు కీలు వదులవుతుంది. సన్నని వెడల్పుల్లో, రెండు మిల్లీమీటర్ల తేడాతో సైజులు ఇచ్చే డిజైన్లకు ఇక్కడ గిరాకీ పెరిగింది అందుకే. గుజరాత్‌లోని వాపిలో తయారుచేసే మెరిల్ లాంటి దేశీయ సంస్థలకు దొరికిన చోటు కూడా ఇదే. ధర మీద పరిమితి ఉన్న మార్కెట్లో జిమ్మర్ బయోమెట్, స్ట్రైకర్, డిప్యూ సింథెస్, స్మిత్ అండ్ నెఫ్యూ లాంటి విదేశీ కంపెనీలతో పోటీ ఇక సైజుల్లో, సరఫరాలోనే.

హై ఫ్లెక్స్ సంగతి మన అలవాట్లకు దగ్గరిది. నేల మీద బాసింపట్టు వేసుకోవాలి, పూజలో కూర్చోవాలి అన్న కోరిక మీదే దాని అమ్మకం. మామూలు సెట్టుకూ దానికీ 2017 నాటి నియంత్రిత ధరలో తేడా 1,770 రూపాయలే. కొన్ని డిజైన్లలో దాని కోసం తొడ ఎముక వెనక నుంచి అదనంగా రెండు మిల్లీమీటర్లు కోయాలి. ఆపరేషన్ తర్వాత కాలు ఎంత వంగుతుందన్నది అంతకుముందు ఎంత వంగేదన్న దాని మీదే ఎక్కువగా ఆధారపడి ఉంటుంది. ఏళ్లుగా బిగుసుకుపోయిన మోకాలికి ఇంప్లాంట్ పేరు వంపు తెచ్చిపెట్టదు.

ఇప్పుడు గిరాకీని మళ్లిస్తున్నది ఆపరేషన్‌లో సర్జన్‌కు సాయపడే రోబో. ఎక్కువ రోబోలు తమ కంపెనీ ఇంప్లాంట్‌నే అంగీకరిస్తాయి. ఆస్పత్రి రోబో కొన్న రోజున ఇంప్లాంట్ ఎంపిక కూడా జరిగిపోయినట్టే. ధర నియంత్రణ ఇంప్లాంట్‌కు మాత్రమే. థియేటర్ రుసుముకు, రోబో రుసుముకు, గదికి పరిమితి లేదు. ఇంప్లాంట్ మీద తగ్గినదంతా మొత్తం బిల్లులో తగ్గకపోవడానికి ఇదొక కారణం.

ముడిసరుకు వైపు చూస్తే, కోబాల్ట్ తవ్వకంలో దాదాపు 70 శాతం ఒక్క కాంగో నుంచే. యూరప్‌లో 2021 అక్టోబరు నుంచి కోబాల్ట్‌ను క్యాన్సర్ కారక పదార్థాల వరుసలో చేర్చారు. అక్కడ అమ్మే ఇంప్లాంట్లలో అది ఉందని లేబుల్ మీద చెప్పి, సమర్థించుకోవలసి వస్తోంది. టైటానియం, జిర్కోనియం రూపాల్లో ప్రత్యామ్నాయాల మీద పరిశోధనకు ఇది ఊపిచ్చింది. ఈ రెండు లోహాల ఖనిజాలూ భీమిలి తీరపు ఇసుకలో ఉన్నాయి. ఖనిజం నుంచి తీసే ముడి టైటానియం, అంటే టైటానియం స్పాంజ్ సాంకేతికతను రూపొందించింది హైదరాబాద్‌లోని రక్షణ శాఖ లోహ పరిశోధనశాల డీఎంఆర్‌ఎల్. 1973లో అక్కడే ఏర్పడిన ప్రభుత్వ రంగ లోహ సంస్థ మిధాని, టైటానియం మిశ్రమాలతో పాటు ఇంప్లాంట్లు కూడా చేసింది. విశాఖలో వైద్య పరికరాలు తయారుచేసే మెడ్‌టెక్ జోన్, సంగారెడ్డి జిల్లా సుల్తాన్‌పూర్‌లో వైద్య పరికరాల పార్కు ఉన్నాయి. కొరత లోహానిది కాదు. పోత, చివరి పాలిష్, పాలిథిలిన్ నొక్కుడు, లక్షలసార్లు నడిపించే పరీక్షా యంత్రాలు, ఇవన్నీ ఒకేచోట కూడాలి. ఐఎస్‌ఓ ప్రకారం అరుగుదల పరీక్ష 50 లక్షల అడుగుల దాకా సాగుతుంది. సెకనుకు ఒక అడుగు చొప్పున యంత్రం ఆగకుండా నడిచినా దాదాపు రెండు నెలలు.

బిల్లు, స్టిక్కర్లు

2019లో వెలువడిన ఒక పెద్ద అధ్యయనం, రిజిస్ట్రీల లెక్కలు కలిపి, పూర్తి మోకాలి మార్పిడుల్లో 82 శాతం 25 ఏళ్లు నిలుస్తున్నాయని చూపింది. అందులో ఎక్కువ భాగం పాత ప్లాస్టిక్, మామూలు కోబాల్ట్ క్రోమియం. “ముప్పై ఏళ్ల ఇంప్లాంట్” అని ప్రీమియం అడిగేవారికి ఈ అంకె చూపించాలి.

ధర ఉత్తర్వు ప్రకారం ఆస్పత్రి బిల్లులో ఇంప్లాంట్ ధరను విడిగా, బ్రాండు, తయారీదారు, బ్యాచ్ నంబరుతో చూపాలి. ప్రతి పెట్టెలో ఊడదీసి అంటించే స్టిక్కర్లు ఉంటాయి. ఒకటి కేసు షీటుకు, ఒకటి బిల్లుకు. ఇంకొకటి రోగి చేతికి రావాలి, అడిగి తీసుకోవాలి. మూడు ముక్కలైతే మూడు స్టిక్కర్లు, నాలుగైతే నాలుగు. వాటి మీద కేటలాగు నంబరు, లాట్ నంబరు, సైజు, ఎడమ కుడి, గడువు తేదీ ఉంటాయి. ఇవి డిశ్చార్జి కాగితాలతో పాటు భద్రంగా ఉండాలి, ఫొటో తీసి పిల్లల ఫోన్లలోనూ పెట్టాలి. పదిహేనేళ్ల తర్వాత ప్లాస్టిక్ మాత్రమే అరిగి, లోహాలు ఎముకకు గట్టిగా పట్టి ఉంటే, ఆ ఇన్సర్ట్ ఒక్కటీ మార్చే వీలుంటుంది. కానీ ఒక కంపెనీ ఇన్సర్ట్ ఇంకో కంపెనీ ట్రేలో కూర్చోదు. ఒకే కంపెనీలోనూ సైజు కలవాలి. ఏది వేశారో తెలియకపోతే, సరిపోయే ముక్క దొరక్కపోతే, బాగున్న లోహాన్ని కూడా ఎముక నుంచి పెకలించి రివిజన్ సెట్టు వేయవలసి వస్తుంది.